వంతవాడి పేరు

పాట యెవరిది అన్న ప్రశ్న మన విమర్శకులకు కొత్తది కాదు. రాసినవాడిదా, పాడినవాడిదా, విని మనసులో దాచుకున్నవాడిదా అని మూడు తరాలుగా వాదించుకుంటూనే వున్నాం. 1943లో ప్రజానాట్యమండలి పుట్టిన నాటినుంచీ అభ్యుదయ శిబిరం దీనికి ఒకే సమాధానం చెబుతూ వచ్చింది: పాట ప్రజలది. యీ సమాధానం నాకూ యిష్టమైనదే. దివాణాల్లో, సభామంటపాల్లో బందీగా వున్న కళను వీధి అరుగు మీదికి తెచ్చిన చరిత్ర దీని వెనుక వుంది. అయితే యీ సమాధానం చాటున ఒక మనిషి యింతకాలంగా నిలబడివున్నాడు. ‘ప్రజలు’ అన్న పెద్ద మాట నీడ పడి అతని ముఖం మనకు కనిపించలేదు. అతడు వంతవాడు.

ముగ్గురు కలిసి ఒక పాట పాడినప్పుడు రెండో గొంతుకూ మూడో గొంతుకూ మనం యేం బాకీపడతాం? యిది సంగీతజ్ఞుల ప్రశ్న అని పక్కన పెట్టడానికి వీల్లేదు. ఒకరి శ్రమ మరొకరి పేరుమీద చెలామణీ కావడం యే రంగంలో జరిగినా దాన్ని మనం న్యాయాన్యాయాల ప్రశ్నగానే చూస్తాం. పొలంలో చూశాం, ఫ్యాక్టరీలో చూశాం. పాటలో చూడడానికి మాత్రం మొహమాటపడ్డాం.

మన భాష కూడా వంతవాడిపట్ల దయ చూపలేదు. “వాడికి వీడు వంత పాడుతున్నాడు” అంటే పొగడ్త కాదు. “తానా అంటే తందానా అనే రకం” అంటే వెన్నెముక లేనివాడని అర్థం. కావ్యభాషలో వంత అంటే దుఃఖం, పరితాపం. ఒక్క స్వరం మారితే వంతు, అంటే వాటా. యీ మాటలన్నీ ఒకే ధాతువునుంచి పుట్టాయని చెప్పి నిఘంటుకారులతో తగువు పెట్టుకోను. తెలుగువాడి చెవిలో మాత్రం యీ మూడూ పక్కపక్కనే వుంటాయి. మొదటి వంతకు వంతు దక్కకపోతే మిగిలేది రెండో వంతే అని తరగతిలో ఒకసారి అంటే పిల్లలు నవ్వారు. నవ్వదగిన మాటే, కాని అబద్ధం కాదు.

నేను పాఠాలు చెప్పేది టెక్కలిలో. అక్కడినుంచి పలాస మీదుగా సముద్రంవైపు దిగితే ఉద్దానం. ‘ఉద్యానం’ అన్న మాటే ఉద్దానమైందని యిక్కడివాళ్ళు చెప్పుకుంటారు. కొబ్బరి, జీడి, పనస తోటల నేల యిది. 2018 అక్టోబరు 11 తెల్లవారుజామున తిత్లీ తుపాను పలాసకు దగ్గరలోనే తీరం దాటినప్పుడు తాతలు నాటిన చెట్లు మనవల కళ్ళముందు నేలకూలాయి. తోట అంటే యేళ్ళ తరబడి పోగుపడిన శ్రమ అని అంతకుముందు పుస్తకాల్లో చదువుకున్న మాట. ఆ వారం దాన్ని కళ్ళారా చూశాం.

యీ తీరంలో పాట చాలామటుకు పని పక్కనే పుట్టింది. నువ్వలరేవులోనో, మంచినీళ్ళపేటలోనో ఒడ్డున నిలబడి పెద్దవల లాగడం చూడండి. ముందు తాడు పట్టినవాడు ఒక పిలుపు వేస్తాడు. వెనుకవాళ్ళు దాన్ని అందుకుంటారు. పిలుపు వేసినంతసేపూ తాడు కదలదు, అందుకున్నప్పుడే కదులుతుంది. అంటే పని జరిగేది వంతలోనే. పిలుపు దానికి ముహూర్తం పెడుతుంది, అంతే. పలాస జీడిపిక్కల కార్ఖానాల్లో పప్పు వలిచే ఆడవాళ్ళ మధ్యకూడా ఒకరు యెత్తుకుంటే పదిమంది అందుకునే పాటలు వుండేవని పెద్దలు చెబుతారు. యంత్రాల హోరులో వాటికి చోటు తగ్గింది.

యీ అలవాటు కళగా స్థిరపడిన రూపం జముకుల కథ. జముకు చిన్న వాద్యం. డొల్లగా వున్న గొట్టంలాంటి పాత్రకు ఒక వైపు చర్మం బిగించి, దాని నడుమనుంచి తీగ లాగుతారు. పాత్రను చంకలో ఇరికించుకుని ఒక చేత్తో తీగను బిగిస్తూ, వదులుతూ, రెండో చేత్తో మీటుతారు. మనిషి గొంతులాగే అది మూలుగుతుంది, గద్దిస్తుంది, గునుస్తుంది. కథకుడొకడు, అతనికి అటూ యిటూ వంతలు. గ్రామదేవతల కథలు రాత్రంతా నడిచేవి.

వజ్రపుకొత్తూరు మండలంలో ఒక ఊళ్ళో చాలాకాలం జముకుల కథకు వంత పాడిన పెద్దాయన ఒకరున్నారు. నేను వెళ్ళినప్పుడు కొబ్బరికాయలు ఒలుస్తున్నాడు. “కథ చెప్పేది ఆయన కదా తాతా, మరి మీరు చేసే పనేమిటి?” అని కావాలనే అడిగాను. ఆయనకు కోపం రాలేదు. “కత ఆడిదే బాబూ. ఆడు ఊపిరి పీల్సినప్పుడు కత పడిపోకండా పట్టుకునీవోడిని నాను” అన్నాడు. ఇంకొక కాయ గునపానికి గుచ్చి, “పడిపోయిన కత మల్లీ లెగదు” అన్నాడు.

సౌందర్యశాస్త్రం మీద నేను చదివిన గ్రంథాల్లో వంతకు యింత సూటి అయిన నిర్వచనం కనిపించలేదు. యెంత గొప్ప గాయకుడైనా ఊపిరి తీసుకోక తప్పదు. ఒంటరి గాయకుడు ఆ ఖాళీని వాద్యంతో నింపుతాడు, లేదా మౌనంతో నింపుతాడు. తెల్లవార్లూ నడిచే కథకు ఆ ఉపాయం చాలదు. అక్కడ వంత కావాలి. వంతను ప్రతిధ్వనితో పోల్చడం మన విమర్శలో అలవాటైపోయింది. ఆ పోలిక తప్పు. ప్రతిధ్వనికి ప్రాణం అక్కర్లేదు, ఒక కొండ వుంటే చాలు. వంతకు మనిషే కావాలి. యెక్కడ అందుకోవాలో, యెంతసేపు నిలపాలో, యెప్పుడు వదిలి కథకుడికి అప్పగించాలో క్షణక్షణం అతడు నిర్ణయించుకోవాలి. నిర్ణయం వున్నచోట కర్తృత్వం వుంది. కర్తృత్వాన్ని వాడుకున్నచోట బాకీ వుంది.

బుర్రకథలో యీ సంగతి యింకా స్పష్టం. కథకుడు తంబురా పట్టుకుని నడుమ నిలబడతాడు. ఒక పక్క హాస్యం, ఒక పక్క రాజకీయం. హాస్యంవాడు కథకు అడ్డు తగులుతాడు, సందేహాలు అడుగుతాడు, రాజుగారి మీసం మీద జోకు వేస్తాడు. రాజకీయం చెప్పేవాడు పల్నాటి యుద్ధం మధ్యలో యివాళ్టి బియ్యం ధర యెత్తుతాడు. కథకుడు కథ ఆపి వాళ్ళకు సమాధానం చెప్పక తప్పదు. పాశ్చాత్యుల బృందగానంలో వేరువేరు స్వరాలు ఒకేసారి పలికి ఒకదానితో ఒకటి పొసగుతాయి. దాన్ని వాళ్ళు హార్మనీ అన్నారు. మన బృందాల్లో స్వరం దాదాపు ఒకటే. వేరుగా వుండేది అభిప్రాయం. వాళ్ళ పొత్తు శ్రుతిలో వుంటే మన పొత్తు వాదులాటలో వుంది. యింత హక్కు కళారూపమే యిచ్చిన తరువాత కూడా, షేక్ నాజర్ పేరు వినని విద్యార్థి నా తరగతిలో అరుదు. ఆయన కుడియెడమల నిలబడినవాళ్ళ పేర్లు చెప్పమంటే ఒక్క చెయ్యి లేవదు. నాజర్ గొప్పతనానికి యిది లోటు కాదు. మన జ్ఞాపకానికి లోటు.

ఉమ్మడి కర్తృత్వం తెలుగువాళ్ళకు తెలియని వింత అనుకుంటే అదీ కాదు. పదిహేనో శతాబ్దంలోనే నంది మల్లయ, ఘంట సింగయ ఒకే కావ్యానికి యిద్దరూ సంతకం చేశారు. తిరుపతి వేంకట కవుల సంగతి అందరికీ తెలిసిందే. దివాకర్ల తిరుపతి శాస్త్రి 1920లో కన్నుమూశారు. ఆ తరువాత చెళ్ళపిళ్ళ వేంకట శాస్త్రి ఒంటరిగా రాసినవి కూడా జంట పేరుతోనే వెలువడ్డాయి. పోయినవాడి పేరును తన పేరుకు ముందు నిలిపి మూడు దశాబ్దాలు బతికిన కవి మన భాషలో వున్నాడు. యింతటి మర్యాద మనకు చేతనైంది. కాని అది ఘంటం పట్టినవాళ్ళకే చేతనైంది. జముకు పట్టినవాళ్ళకు కాలేదు. దీనికి కారణం సంగీతంలో వెతకనక్కర్లేదు, కులంలోనూ చదువులోనూ వెతకాలి.

యిది ఒక్క మన దేశపు జబ్బు కూడా కాదు. 1961లో అమెరికాలోని కాలిఫోర్నియాలో బీచ్ బాయ్స్ అనే బృందం పుట్టింది. విల్సన్ అన్నదమ్ములు ముగ్గురు, వాళ్ళ మేనత్త కొడుకు మైక్ లవ్, ఒక స్నేహితుడు. అయిదు గొంతులు ఒకదానిమీద ఒకటి పేర్చినట్టు పాడడం వాళ్ళ ప్రత్యేకత. పాటల బాణీలు చాలామటుకు పెద్దన్న బ్రయన్‌వి. 1969లో వాళ్ళ తండ్రి ఆ పాటల హక్కులను యేడు లక్షల డాలర్లకు అమ్మేశాడు. చాలా కాలానికి మైక్ లవ్ న్యాయస్థానానికెక్కి, ముప్ఫై అయిదు పాటల్లో తన చెయ్యి కూడా వుందని 1994లో నెగ్గాడు. మన ఊళ్ళో అయితే బావా బావమరుదుల ఆస్తి తగాదా అని పెద్దలు అరుగుమీద తేల్చేసేవారు. గమనించవలసింది వేరే వుంది. ఆ తగాదా అంతా మాటల మీద. చట్టానికి కనిపించేవి రెండే: సాహిత్యం, బాణీ. ఆ పాటలను ఆ పాటలుగా నిలబెట్టినది అయిదు గొంతులు అతుక్కున్న తీరు. దాన్ని రాయడానికి చట్టం దగ్గర గడి లేదు. జనం డబ్బు పెట్టి కొన్నది దేన్నో, దానికే యజమాని లేడు.

దీనికంటే బాధాకరమైన కథ మన శిబిరానికి దగ్గరది. పీట్ సీగర్, లీ హేస్, రోనీ గిల్బర్ట్, ఫ్రెడ్ హెలర్మన్ కలిసి 1948లో వీవర్స్ అనే బృందం పెట్టారు. వీవర్స్ అంటే నేతగాళ్ళు. ముగ్గురు మగవాళ్ళు, ఒక స్త్రీ, అందరూ వామపక్షీయులు. 1950లో వాళ్ళ పాట ఒకటి అమెరికా అంతటా మొదటి స్థానంలో వారాల తరబడి నిలిచింది. అంతలో కమ్యూనిస్టుల వేట మొదలైంది. పేర్లు నల్లజాబితాకెక్కాయి. రేడియో మూసుకుంది, హాళ్ళు మూసుకున్నాయి, 1952 నాటికి బృందం చెదిరింది. 1955 క్రిస్మస్ ముందురోజు న్యూయార్కు కార్నెగీ హాలులో మళ్ళీ కలిసి పాడారు. 1958లో ఒక సిగరెట్టు ప్రకటనకు పాడడానికి మిగతా ముగ్గురూ ఒప్పుకుంటే, తనకది సమ్మతం కాదని సీగర్ బృందం వదిలి వెళ్ళాడు.

యీ చివరి సంఘటన నాకు ముఖ్యంగా తోస్తుంది. కలిసి పాడడమంటే ప్రతి ముక్కలోనూ నేనూ వున్నాను అని ఒప్పుకోవడం. ఒప్పుకోలు విలువైనది కావాలంటే కాదనే హక్కు వుండాలి. కాదనలేని వంతే మన సామెతలోని తందానా. వీవర్స్‌లో ఆ హక్కు వున్నది కాబట్టే సీగర్ గొంతుకు ఆ పదేళ్ళూ అర్థం వుంది.

యింతటి నిజాయితీ గల బృందమే మరొక చోట యెలా జారిందో చూడండి. సాలమన్ లిండా దక్షిణాఫ్రికా జూలూ గాయకుడు. ‘ఈవినింగ్ బర్డ్స్’ అనే ఆరుగురి బృందానికి నాయకుడు. 1939లో జోహన్నెస్‌బర్గ్‌లో వాళ్ళు సింహం మీద ఒక పాట రికార్డు చేశారు. అడుగున మందరస్వరాలు ఒకే మాటను అలలాగా తిప్పుతూ వుంటే పైన లిండా గొంతు గాలిపటంలాగా యెగురుతుంది. హక్కుల కింద అతనికి ముట్టింది పది షిల్లింగులు. ఆ రికార్డు సముద్రం దాటి సీగర్ చేతిలో పడింది. వీవర్స్ దాన్ని పాడారు. పలకలేని జూలూ మాట వాళ్ళ నోట ‘విమోవే’ అయింది. కర్త పేరు దగ్గర ‘పాల్ కాంబెల్’ అని పడింది. అలాంటి మనిషి లేడు. జానపదాలను తమ పేరిట నమోదు చేయడానికి ఆ బృందం పెట్టుకున్న మారుపేరు అది. తరువాత 1961లో టోకెన్స్ అనే మరో కుర్రవాళ్ళ బృందం దాన్ని ఇంగ్లీషు మాటలతో పాడి ప్రపంచమంతా తిప్పింది. 1994లో డిస్నీ బొమ్మల సినిమాలోకి వెళ్ళింది. లిండా 1962లో పేదరికంలోనే చనిపోయాడు. మూత్రపిండాలు చెడిపోయి పోయాడు. ఆ చావు యెలా వుంటుందో ఉద్దానం పాఠకుడికి వేరే చెప్పనక్కర్లేదు. అతని సమాధిమీద రాయి నిలవడానికి పద్దెనిమిదేళ్ళు పట్టింది.

సీగర్ దొంగ కాదు. అసలు గాయకుడున్నాడని తెలిసి వెయ్యి డాలర్లు పంపాడు. రావలసిన సొమ్మంతా అతనికి చేరాలనే కోరుకున్నాడు. అయినా అన్యాయం జరిగింది. యెందుకు జరిగింది? ‘యిది ఆఫ్రికా జానపదం’ అని అందరూ అనుకున్నారు కాబట్టి. జానపదం అంటే ప్రజలది, ప్రజలది అంటే యెవరిదీ కాదు, యెవరిదీ కానిది ముందు నమోదు చేయించుకున్నవాడిది. బంజరు భూమి యిలాగే చేతులు మారుతుందని మన రైతులకు బాగా తెలుసు. గ్రామం ఉమ్మడిగా వాడుకునే మేతబీడు సర్వే కాగితంలో ‘యెవరిదీ కాదు’ అని పడిననాడే సగం పోయినట్టు.

‘పాట ప్రజలది’ అన్న మన సమాధానంలోని చిక్కు యిదే. ఒకడి సొంతం కాదు అనడం వేరు, యెవరిదీ కాదు అనడం వేరు. రెండింటి నడుమ ‘యీ ముగ్గురిది’, ‘యీ ఆరుగురిది’ అనే చోటొకటి వుంది. ఆస్తివాదులూ దాన్ని చూడలేదు, మనమూ చూడలేదు.

లిండా కూతుళ్ళ పక్షాన 2004లో దావా పడింది. బ్రిటిషు వాళ్ళ కాలపు 1911 చట్టంలో ఒక పాత నిబంధన వుంది: కర్త చనిపోయిన యిరవై అయిదేళ్ళకు హక్కు వారసులకు తిరిగి వస్తుంది. దాన్ని పట్టుకుని లాయర్లు నిలబడ్డారు. 2006లో రాజీ కుదిరింది, వారసులకు సొమ్ము అందింది. సంతోషం. అయితే ఆ రికార్డులో ఆరు గొంతులున్నాయి. గిల్బర్ట్ మదోండో, బోయ్ సిబియా, గిడియన్ మ్కిజే, శామ్యూల్ మ్లాంగెని, ఓవెన్ సిఖాఖానే. లిండా పక్కన పాడిన అయిదుగురూ వీళ్ళు. యీ పేర్లు తెలుగులో అచ్చు కావడం వల్ల వాళ్ళకు ఒరిగేదేమీ లేదు. ఆ అల లేకపోతే గాలిపటం యే గాలిమీద యెగిరేదో ఆలోచించమని మాత్రమే నా మనవి. న్యాయం జరిగిననాడు కూడా అది ఒక్క పేరుకే జరిగింది.

మళ్ళీ మన తీరానికి వద్దాం. 2020లో ‘పలాస 1978’ అనే సినిమా వచ్చింది. అందులో కథానాయకులైన అన్నదమ్ములు యీ ప్రాంతపు జానపద కళాకారులే. ఆ సినిమాతో మా వైపు పాట ఒకటి రాష్ట్రమంతా మారుమోగింది. రచన అన్నచోట ‘ఉత్తరాంధ్ర జానపదం’ అని వేశారు. అది నిజమే, తప్పు పట్టడానికి లేదు. అసలు యే ప్రాంతానిదో చెప్పని వాళ్ళే యెక్కువ. నేననేది, ఆ రెండు మాటలతో మన కుతూహలం తీరిపోకూడదని. యే ఊళ్ళో యెవరు యెత్తుకుంటే యెవరు అందుకున్నారు అన్నది జానపద పరిశోధనలో ఆఖరి ప్రశ్న అయిపోయింది. మొదటి ప్రశ్న కావలసింది.

యిక్కడ నాకు యెదురుగా బలమైన వాదమొకటి వుంది. దాన్ని దాటవేయను. సుబ్బారావు పాణిగ్రాహి బొడ్డపాడులో పూజారి. ఒరియా యింట పుట్టి తెలుగులో పాట కట్టాడు. జముకుల కథను అమ్మవారి గుడిముందునుంచి రైతుకూలీల మధ్యకు తెచ్చాడు. 1960ల చివర శ్రీకాకుళ ఉద్యమకాలంలో ఆ కథ ఉద్దానం ఊళ్ళన్నీ తిరిగింది. 1969 డిసెంబరులో రంగమాటియా కొండల దగ్గర పంచాది నిర్మలతో పాటు పోలీసుల చేతిలో చనిపోయాడు. ఆ ఉద్యమం నడిచిన దారిమీద నా అభిప్రాయం యీ వ్యాసానికి అప్రస్తుతం. ప్రస్తుతమైనది యిది: ఆ రోజుల్లో యెవరి పేరు చెప్పినా పోలీసులకు చిరునామా యిచ్చినట్టే. వంతవాడి పేరు చెప్పకపోవడం అతన్ని కాపాడడం. పైగా ఆ పాటకు టిక్కెట్టు లేదు, పారితోషికం లేదు. వాటా అడిగే ప్రశ్నే పుట్టదు. ‘నా పేరెందుకు, పాట వుంటే చాలు’ అని పాడినవాడే మనస్ఫూర్తిగా అంటే, అడ్డుపడడానికి నువ్వెవరు?

యీ వాదానికి తల వంచుతాను, సగం వరకు. అనామకత్వం రెండు రకాలు. ఒకటి మనిషి తానుగా కప్పుకున్నది. రెండోది యితరులు కప్పినది. కప్పుకున్నవాడికి అవసరం తీరాక తీసివేసే హక్కు వుంటుంది. చీకటిలో ప్రాణం కాపాడిన కంబళి తెల్లవారిన తరువాత కూడా ముఖంమీదే వుంటే అది కంబళి కాదు. అర్ధశతాబ్దం గడిచింది. పాణిగ్రాహి పేరు మా పిల్లలకు తెలుసు, తెలియాలి కూడా. అతని పక్కన నిలబడిన గొంతులను మాత్రం ఇప్పటికీ ‘దళం’ అనే అంటున్నాం. ఆనాడు జాగ్రత్తగా వున్న మౌనం యీనాడు అలవాటుగా మారింది. ఆ రెండూ ఒకటి కావు.

యీ నేలకు యిది మొదటిసారి కూడా కాదు. 1940 మార్చిలో పలాసలో అఖిల భారత కిసాన్ సభ మహాసభ జరిగింది. కొద్దిరోజులకే, ఏప్రిల్ 1న, మందస జమీందారీలోని గుడారి రాజమణిపురంలో రైతులమీద కాల్పులు జరిగాయి. వీర గున్నమ్మ పేరు నిలిచింది. ఆమెతో పాటు పడిపోయిన రైతుల పేర్లు యెంతమందికి నోటికి వస్తాయి? గుండుకు ముందువాడు, వెనుకవాడు అన్న భేదం లేదు. జ్ఞాపకానికి వుంది.

ఒక మిత్రుడు నాతో వాదించాడు: యిలా ప్రతి గొంతుకూ పేరు కావాలంటే వల లాగేవాళ్ళందరి పేర్లూ చేప మీద రాయాలి కదా అని. హాస్యం బాగుంది. కాని మత్స్యకారులు ఆ పని చేస్తూనే వున్నారు. చేప మీద కాదు, పంపకంలో. పడవకొక వాటా, వలకొక వాటా, తాడు పట్టిన ప్రతి చేతికీ ఒక వాటా. ఆ పంపకంలో అన్యాయం లేదని నేను చెప్పను. పడవా వలా వున్నవాడిదే పైచెయ్యి. అయినా ఆ లెక్కలో తాడు వెనుక చివర పట్టినవాడు ‘ప్రజలు’ కాడు. అతనికి పేరుంది, వాటా వుంది, తక్కువ యిస్తే తగువు పడే నోరుంది.

చట్టంకూడా కొంత కదిలింది. మన కాపీరైటు చట్టం 1957 నాటిది. ప్రదర్శించేవాడికి కూడా హక్కుంటుందని 1994 సవరణ ఒప్పుకుంది. 2012 సవరణ మరొక అడుగు వేసి, ప్రదర్శించినవాడిగా తన పేరు చెప్పమని అడిగే హక్కును చేర్చింది. కథకుడికే అని అందులో లేదు. వంతవాడూ ప్రదర్శించేవాడే. అయితే ఆ హక్కు పట్టుకుని ఉద్దానంనుంచి కోర్టుమెట్లు యెక్కే వంతవాణ్ణి ఊహించడం కష్టం. దావా ఖర్చుతో ఒక యేడు కొబ్బరి పంట పోతుంది. చట్టం యిచ్చినది చేతికి రావాలంటే ముందు మనం, అంటే సభలు పెట్టేవాళ్ళం, కరపత్రాలు అచ్చువేసేవాళ్ళం, వ్యాసాలు రాసేవాళ్ళం, మన పద్ధతి మార్చుకోవాలి.

కిందటి యేడు మా విద్యార్థులు ఒక జముకుల కథ పెట్టించారు. కరపత్రం మీద ముగ్గురి పేర్లూ ఒకే కొలత అక్షరాల్లో, అకారాది క్రమంలో వేయించాం. అచ్చుపని చేసే అతను “మెయిన్ ఆర్టిస్టు పేరు కాస్త పెద్దది చేద్దామా సార్” అని రెండుసార్లు అడిగాడు. కథకుడు కరపత్రం చేతిలోకి తీసుకుని, తన పేరు మూడోది కావడం చూసి, రాత్రి కథ మొదలయ్యేవరకు నాతో సరిగా మాట్లాడలేదు. ఆయన నొచ్చుకోవడాన్ని కూడా నేను తేలికగా తీసుకోను. జీవితమంతా ఊళ్ళు తిరిగి సంపాదించుకున్నది ఆయనకు ఆ పేరొక్కటే. కథ మాత్రం యెప్పటిలాగే నడిచింది. ఆయన ఊపిరి తీసుకున్నచోటల్లా యిద్దరూ పట్టుకున్నారు.

తెల్లవారి డబ్బు యిచ్చేటప్పుడు మూడు సమానభాగాలు చేద్దామని అన్నాను. ముగ్గురూ ఒకేసారి కాదన్నారు. నాలుగు చేయమన్నారు. నాలుగోది యెవరికని అడిగాను.

“జముక్కి” అన్నాడు వంతవాళ్ళలో చిన్నవాడు. “తోలు మార్పించాల సార్. వలకి వాటా ఉండదేటి?”